డప్పు ఆగిన తర్వాత: ఒక డాక్యుమెంటరీ ఎడిటింగ్ కేస్ స్టడీ

నేను డాక్యుమెంటరీలకు ఎడిటింగ్ చేస్తాను. మధ్యలో ఆగిపోయిన సినిమాలు కూడా నా దగ్గరికి వస్తుంటాయి. ఇది అలా వచ్చిన ఒక సినిమా గురించి. సంగీతాన్ని పట్టుకుని ఒక సమాజం గురించి చెప్పాలనుకునే దర్శకులకు ఇది పనికొస్తుందని రాస్తున్నాను. దర్శకురాలూ, సినిమాలో ఉన్న కుటుంబమూ ఒప్పుకున్నాకే రాస్తున్నాను. ఊరి పేరు, సినిమా పేరు చెప్పను. మనుషుల్ని పోల్చుకోగల వివరాలు కొన్ని మార్చాను.

నేపథ్యం

దర్శకురాలికి ఇది మొదటి పెద్ద సినిమా. నగరంలో పెరిగిన మనిషి, దళితేతర కుటుంబం. కోస్తా ఆంధ్రలోని ఒక ఊళ్లో మాదిగ కుటుంబం, అందులో అరవై దాటిన తండ్రి, పాతికేళ్ల కొడుకు. తండ్రి చిన్నప్పటి నుంచి డప్పు కొడుతున్నాడు. పెళ్లికి, జాతరకు, చాటింపుకు, చావుకు వేరువేరు దరువులు ఆయనకు చేతిలో ఉన్నాయి. కొడుకు ఊళ్లో డప్పు పట్టుకోడు.

ఆమె దీన్ని ‘అంతరించిపోతున్న కళ’ కథగా ప్రతిపాదన రాసింది, ఆ మాట మీదే ఒక సంస్థ డబ్బులిచ్చింది. ఇలాంటి ప్రతిపాదనలు నేను చాలా చూశాను. తండ్రి చివరి తరం, కొడుకు మర్చిపోయాడు, మనం రికార్డు చేసి కాపాడుకోవాలి అని సాగుతాయి. కొన్ని కళల విషయంలో అది నిజమే కావచ్చు. డప్పు విషయంలో కాదు. 1970ల నుంచి విప్లవ సాంస్కృతిక బృందమైన జననాట్యమండలి వేదికల మీద డప్పు ఉంది. 1994లో ప్రకాశం జిల్లా ఈదుముడిలో మాదిగ రిజర్వేషన్ పోరాట సమితి పుట్టాక, ఆ ఉద్యమాన్ని జనం డప్పు చాటింపు పేరుతో దండోరా అనే పిలిచారు. తెలంగాణ ఉద్యమంలో ధూంధాం వేదికల మీద డప్పు మోగింది. ఇవాళ పార్టీల ఊరేగింపుల్లో, కాలేజీ ఫంక్షన్లలో, పెళ్లి బరాత్‌లలో మోగుతూనే ఉంది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 50 ఏళ్లు దాటిన డప్పు కళాకారులకు పింఛను ఇస్తోంది. 2024 జూలై నుంచి అది నెలకు 4,000 రూపాయలు. ఈ తండ్రికీ ఆ పింఛను వస్తుంది.

డప్పు బతికే ఉంది. మారుతున్నదల్లా ఎవరు, ఎవరి కోసం, ఏ షరతు మీద కొడతారన్నదే. సినిమా ఆ సంగతి పట్టించుకోలేదు.

సమస్య

నా దగ్గరికి వచ్చేటప్పటికి రఫ్ కట్, అంటే మొదటి ముతక ఎడిట్, దాదాపు 90 నిమిషాలుంది. షాట్లు బాగున్నాయి. ఎండుగడ్డి మంట మీద డప్పు కాచడం, డప్పు కొట్టే సిర్ర, చిటికెన పుల్లల క్లోజప్‌లు, జాతర రాత్రి, అన్నీ కళ్లకు ఇంపుగా ఉన్నాయి. చూసినవాళ్లంతా ‘భలే ఉంది’ అన్నారు. ఆ తర్వాత ఎవరికీ అడగడానికి ఏమీ మిగల్లేదు. గుర్తింపు గురించి తీసిన సినిమా చూసి ఎవరికీ ఒక్క ప్రశ్న కూడా రాలేదంటే, అందులో అసలు విషయం లేదనే నేను అర్థం చేసుకుంటాను.

దానికంటే పెద్ద చిక్కు ఇంకోటి ఉంది. డబ్బులిచ్చిన సంస్థ కోసం చేసిన చిన్న టీజర్ ఎవరి ఫోన్ ద్వారానో కొడుక్కి చేరింది. అందులో అతని మాట ఒకటి ఉంది: “నేను డప్పు కొట్టను.” దాని మీద ‘కళను వదిలేసిన తరం’ అని అక్షరాలు వేశారు. అతను ఫోన్ చేసి, “మేడమ్, నన్ను సినిమాలోంచి తీసెయ్యండి, మా నాన్నని కూడా” అన్నాడు. తండ్రి మాత్రం ఉండనివ్వమంటున్నాడు. ఇంట్లో గొడవ మొదలైంది. దర్శకురాలికి నిద్ర లేదు, టెన్షన్. కెమెరామన్ వేరే పనిలోకి వెళ్లిపోయాడు. సంస్థకు ఇచ్చిన గడువు దగ్గర పడింది.

ముందు టీజర్ వాడకం ఆపించాం. కొడుకు కనిపించే సీన్లన్నీ ఎడిట్ నుంచి పక్కన పెట్టాం, ఫైళ్లు మాత్రం చెరపలేదు. చెరిపేస్తే, తర్వాత అతను చూసి నిర్ణయించుకునే అవకాశం కూడా పోతుంది. పక్కన పెట్టిన సంగతి అతనికి వెంటనే చెప్పించాను. మాట్లాడటానికి దారి తెరిచింది అదే.

ఏం చేసి చూశాం, ఎందుకు కుదరలేదు

మొదట నిపుణుల మాటలు చేర్చాం. ఒక ప్రొఫెసరు, ఒక కార్యకర్త ఇద్దరూ చక్కగా మాట్లాడారు. కానీ వాళ్లు మాట్లాడుతుంటే తెర మీద తండ్రి డప్పు కొడుతూ కనిపిస్తున్నాడు. ఆయన సంగతి వేరెవరో వివరిస్తుంటే ఆయన బొమ్మగా మిగిలాడు. సమాచారం పెరిగి మనిషి తగ్గిపోయాడు. తీసేశాం.

రెండోసారి దరువు మీదే సినిమా నడిపిద్దామని దర్శకురాలు అడిగింది. ఒక్కో భాగం ఒక్కో దరువు, కట్లన్నీ దెబ్బ మీదే. ఇది ఎడిటర్లకు చాలా ఇష్టమైన పద్ధతి, పని చేస్తుంటే హుషారుగా ఉంటుంది. పది నిమిషాల భాగం అలా చేసి తండ్రికి ల్యాప్‌టాప్‌లో చూపించాం. ఆయన ఒకచోట ఆపమన్నాడు. “ఇక్కడ డప్పు చల్లబడింది అమ్మా. ఆ వెంటనే కాక మీదుంది. రెండూ కలిపి కుట్టారా?” అన్నాడు.

ఆయన చెప్పింది నిజం. తోలు డప్పును మంట దగ్గర కాస్తే చర్మం బిగుస్తుంది, స్వరం పైకి వెళ్తుంది. కొడుతూ ఉంటే మెల్లగా సడలి కిందికి దిగుతుంది, గాలిలో తేమ ఉంటే ఇంకా తొందరగా దిగుతుంది. అందుకే మధ్యలో ఆపి మళ్లీ కాస్తారు. మేం వేరువేరు సమయాల్లో తీసిన షాట్లను దెబ్బ మీద దెబ్బ సరిపోయేలా కలిపాం. లయ సరిపోయింది, స్వరం సరిపోలేదు. మామూలు ప్రేక్షకుడికి తెలియకపోవచ్చు. కానీ డప్పు తెలిసినవాళ్లకే తప్పుగా వినిపించే సినిమా, ఆ డప్పు గురించి తీసిన సినిమా ఎలా అవుతుంది? పైగా డప్పు కాచే సమయం, ఎదురుచూపు, కూర్చుని మాట్లాడుకునే మాటలు అన్నీ ఆ కట్లలో ఎగిరిపోయాయి. ఆ తర్వాత ఒక దరువు మొదలైతే ఒకే టేక్‌లో ఉంచాలనీ, కాచడానికి ఆపితే ఆ ఆపడం కూడా తెర మీద కనిపించాలనీ నియమం పెట్టుకున్నాం.

మూడోది తండ్రీకొడుకుల ఘర్షణగా కథ అల్లడం. సంస్థ నుంచి వచ్చిన సలహా ఇది. కాగితం మీద బలంగానే ఉంది. దాన్ని నేను ఎడిట్‌లో పెట్టి చూడకముందే వద్దన్నాను. కొడుకు తప్పుకుంటానన్నది తనను ఆ పాత్రలో పెట్టారనే. అదే పాత్రను ఇంకా పెద్దది చేసి అతని సమ్మతి అడగడం న్యాయం కాదు. ఇంకో కారణం కూడా ఉంది. రషెస్‌లో, అంటే ఎడిట్ చేయని అసలు ఫుటేజ్‌లో, వాళ్లిద్దరూ కొట్లాడుకున్నట్టు నాకెక్కడా కనిపించలేదు. తండ్రి మాట్లాడుతుంటే కొడుకు మౌనంగా ఉన్నాడు, అంతే. మౌనాన్ని వ్యతిరేకత అని కట్ చేయడం ఎడిటింగ్‌లో చాలా తేలిక. పక్కన ఒక ముఖం చిట్లించిన షాట్ పెడితే చాలు.

రషెస్‌కు తిరిగి వెళ్లడం

ఇక రఫ్ కట్ పక్కన పెట్టి మొత్తం రషెస్ మొదటి నుంచి చూడాలని నిర్ణయించుకున్నాను. ఖర్చుతో కూడిన పని, గడువు తరుముతోంది, దర్శకురాలు వెనకాడింది. నా వాదన ఒకటే. మనకు దొరకని సమాధానం మనం తీయని చోట ఉందో, తీసి వదిలేసిన చోట ఉందో ముందు తేల్చుకోవాలి. తీయని చోట ఉంటే మళ్లీ ఊరికి వెళ్లాలి, కొడుకు కోపంగా ఉన్నప్పుడు అది కుదరదు. అందుకే వదిలేసినవాటితో మొదలుపెట్టాం.

చూస్తుంటే ఒక అలవాటు బయటపడింది. ఎంచుకున్న క్లిప్పులన్నీ చివరి దెబ్బ దగ్గర తెగిపోయాయి. సంగీతం ఉన్న సీన్‌ను సంగీతంతో ముగించడం మనందరికీ చేతికి అలవాటైన పని. కానీ ఈ కెమెరామన్ దరువు ఆగగానే కెమెరా ఆపే రకం కాదు. చాలా చోట్ల డప్పు ఆగాక కొన్ని నిమిషాలు నడిచింది.

జాతరలో దరువు ఆగాక, అంతసేపూ దాని వెంట ఆడిన కుర్రాళ్లు ఒకవైపు నీళ్లు తాగుతున్నారు, డప్పువాళ్లు ఇంకోవైపు తమ సీసాలు తాము తెచ్చుకుని తాగుతున్నారు. పెళ్లి ఇంట్లో బ్యాండ్‌వాళ్లకు కుర్చీలు వేశారు, డప్పువాళ్లు గోడ పక్కన నిలబడ్డారు. ఒక చావు ఇంటి ముందు దరువు ముగిశాక తండ్రి వాకిలి బయట చాలాసేపు నిలబడి డబ్బుల కోసం చూశాడు. ఒకాయన వచ్చి నోట్లు అరుగు మీద పెట్టి వెళ్లాడు. చేతికి ఇవ్వలేదు.

నాకు అక్కడ సినిమా దొరికింది. డప్పు మోగుతున్నంతసేపూ అందరూ కలిసే ఉన్నట్టు కనిపిస్తారు. అది ఆగితే ఎవరి చోటుకు వాళ్లు వెళ్లిపోతారు. కొడుకు ఊళ్లో డప్పు ఎందుకు పట్టుకోడో ఎవరూ చెప్పక్కర్లేదు, ఆ కాసేపట్లోనే ఉంది.

తమిళనాట పరై డప్పు చుట్టూ కూడా ఇదే ప్రశ్న చాలాకాలంగా ఉంది. చావులకు కొట్టం అని ఊళ్లలో నిరాకరించినవాళ్లూ, అదే పరైని వేదికల మీద ఆత్మగౌరవ వాద్యంగా ఎత్తుకున్నవాళ్లూ ఒకే సమాజం నుంచి వచ్చారు. నిరాకరించడం కూడా ఆ సంగీత చరిత్రలో భాగమే. దాన్ని లెక్కలోకి తీసుకోని సినిమా ఎంత అందంగా ఉన్నా సగమే చెప్పినట్టు.

మైకు విన్న మాటలు

చావు ఇంటి సీన్‌లో ఒక పెద్ద సమస్య ఎదురైంది. డప్పు మొదటి దెబ్బకే చొక్కాకు పెట్టిన లాపెల్ మైకు లెవెల్ దాటి పగిలిపోతుంది. అందుకే దరువుకు దూరంగా పెట్టిన వేరే మైకు శబ్దం వాడాం. అయితే ఆ లాపెల్ తండ్రి చొక్కాకు అలాగే ఉంది, ఆన్‌లోనే ఉంది. దరువు ఆగాక ఆయన మెల్లగా మాట్లాడిన మాటలు, ఇంటి మనిషి జవాబులు చాలా స్పష్టంగా రికార్డయ్యాయి. తక్కువ ఇచ్చారని ఆయన అడుగుతున్నాడు. అవతలి మనిషి కులం పేరు తీస్తూ మాట్లాడాడు.

సినిమాకి అంతకంటే బలమైన శబ్దం ఉండదు. దర్శకురాలు ఆ రాత్రే ఎడిట్‌లో పెట్టేద్దామంది. నేను ఆపాను. తండ్రి సంతకం చేసిన కాగితంలో ‘చిత్రీకరణకు ఒప్పుకుంటున్నాను’ అని ఉంది. మైకు ఆన్‌లో ఉందని ఆ క్షణం ఆయనకు గుర్తుందని మనం అనుకోలేం. సమ్మతి పత్రం మన దగ్గర ఉండటం వేరు, ఆ మాటలు బయటికి వెళ్తే తర్వాత ఏమవుతుందో తెలిసి ఆయన ఒప్పుకోవడం వేరు. పైగా ఆ ఊళ్లో రేపు కూడా ఉండాల్సింది ఆయనే, మేం కాదు.

అందుకని ముందు ఆ శబ్దాన్ని ఆయన ఒక్కడికే, హెడ్‌ఫోన్స్‌లో వినిపించాం. కొడుకు ముందు వినిపించకూడదని పట్టుబట్టాను. కొడుకు ఎదుట ఆ మాటలు పడటం ఆయనకు ఎలా ఉంటుందో ఆయనే తేల్చుకోవాలి. విన్నాక కాసేపటికి చెప్పాడు: “నా మాటలు పెట్టుకోండి. వాళ్ల మాటలు తీసెయ్యండి. నేను ఆ ఊళ్లోనే బతకాలి అమ్మా.”

అలాగే చేశాం. తెర మీద ఆయన అడుగుతాడు, జవాబు వినిపించదు, కాసేపటికి మళ్లీ అడుగుతాడు. శబ్దం ఖాళీగా వదలకుండా ఆ చోట వాకిలి శబ్దాలే ఉంచాం, సంగీతం వేయలేదు. ఇంటి మనిషి ముఖం రాకుండా షాట్‌ను దగ్గరికి క్రాప్ చేశాం. చనిపోయినవారి ముఖం ఉన్న షాట్లు పూర్తిగా తీసేశాం. ఆ ఇంటివాళ్ల అనుమతి చావు రోజున నోటిమాటగా తీసుకున్నారట. దుఃఖంలో ఉన్నవాళ్లు ఊఁ అన్నది అనుమతి కింద లెక్క కాదు. పెద్దకర్మ అయిపోయి చాలా రోజులు గడిచాక దర్శకురాలు వెళ్లి, ఇల్లు, మనుషులు గుర్తుపట్టేలా ఉండవని చెప్పి, సీన్ చూపించి మళ్లీ అడిగింది. ఒప్పుకున్నారు. ఒప్పుకోకపోతే ఆ సీన్ లేకుండా సినిమా చేయడానికి ఇంకో వరుస కూడా సిద్ధం చేసి ఉంచాను.

కొడుకుతో మాట్లాడటం

అతనికి ఫోన్‌లో సర్దిచెప్పే ప్రయత్నం వద్దన్నాను. దరువు ఆగాక జరిగేవాటితో కట్టిన ఒక భాగాన్ని, చావు ఇంటి సీన్ లేకుండా, టౌన్‌లో అతను చెప్పిన చోటికి తీసుకెళ్లి చూపించాం. ఫ్రెంచి దర్శకుడు ఝాన్ రూష్ 1960లో పారిస్‌లో తాను చిత్రించిన మనుషులకు ఆ ఫుటేజ్ చూపించి, వాళ్ల వాదనల్ని కూడా సినిమాలో భాగం చేశాడు. మేం అంత దూరం వెళ్లలేదు. కెమెరా తీసుకెళ్లలేదు. ఆ రోజు అతను ఏం చెప్పినా అది సినిమాకి సరుకు కాకూడదని మా ఉద్దేశం.

చూశాక అతను అడిగిన మొదటి మాట, “ఇవన్నీ అప్పుడే తీశారా? మరి ముందు ఎందుకు పెట్టలేదు?” దర్శకురాలు నిజమే చెప్పింది, తనకు అప్పుడు అది సంగీతంలో భాగంగా కనిపించలేదని.

అప్పుడు అతను చెప్పిన విషయంతో మొత్తం సినిమా మలుపు తిరిగింది. టౌన్‌లో అతనికి ఒక డప్పు బృందం ఉంది. ఫైబర్ డప్పులు, కాచే పని లేదు. ప్రోగ్రామ్‌కు ముందే రేటు మాట్లాడుకుంటారు, అడ్వాన్స్ తీసుకుంటారు, యూనిఫాం టీషర్టులు, వెళ్లడానికి బండి. తండ్రి నేర్పిన దరువులే. చావులకు మాత్రం ఎంత ఇస్తామన్నా వెళ్లరు. ‘నేను డప్పు కొట్టను’ అన్నది ఆ ఊరి గురించి చెప్పిన మాట. ప్రశ్న అడిగింది ఊళ్లో, తండ్రి పక్కన, ఇరుగుపొరుగు చూస్తుండగా. అంతకు మించి అక్కడ చెప్పే వీలు లేదు.

ఇంటర్వ్యూ ఎక్కడ, ఎవరి ఎదుట తీశామన్నది జవాబులో సగం నిర్ణయిస్తుంది. సంగీతం విషయంలో ఇది మరీ ఎక్కువ. ఎందుకంటే వాయించే చోటే ఆ మనిషి స్థానమేంటో చెప్పేస్తుంది. అప్పటివరకు తీసిన ఇంటర్వ్యూలన్నీ ఊళ్లోవే.

అతను మళ్లీ సినిమాలోకి రావడానికి షరతులు పెట్టాడు. టౌన్ బృందాన్ని చూపించాలి. తన కులం గురించి తానే చెప్తాడు, వేరెవరి గొంతూ చెప్పకూడదు. ‘అంతరించిపోతున్న’ అనే మాట ఎక్కడా ఉండకూడదు, పోస్టరు మీద కూడా. మూడూ న్యాయమైనవే. మూడోది ఒప్పించడం కష్టమైంది. దర్శకురాలు సంస్థకు ఉత్తరం రాసి, సినిమా ఏ ప్రశ్న మీద నడుస్తోందో కొత్తగా వివరించి, కొత్త భాగాన్ని జత చేసి పంపింది. వాళ్లు ఒప్పుకుని నిడివి తగ్గించమన్నారు. తగ్గించాం. జాతర రాత్రి షాట్లు చాలావరకు పోయాయి. దర్శకురాలికి బాధ కలిగింది, కానీ సినిమాకు ఆ నష్టం తగల్లేదు.

కాగితాలు, డబ్బులు

జానపద వాద్యం అనగానే ‘సంప్రదాయం’ అని ఒక్క మాట వేసి సంగీతం క్రెడిట్ ముగించేస్తుంటారు. బాణీ ఎవరిదో చెప్పలేకపోవచ్చు. వాయించినవాడు ఎదురుగా ఉన్నాడు కదా. కాపీరైట్ చట్టం 38వ సెక్షన్ కింద వాయించినవాళ్లకు తమ ప్రదర్శన మీద 50 ఏళ్ల హక్కు ఉంది. 2012 సవరణతో చేరిన 38బి కింద, ప్రదర్శకుడిగా తన పేరు చెప్పించుకునే హక్కు, పరువుకు భంగం కలిగేలా ప్రదర్శనను మార్చడాన్ని అడ్డుకునే హక్కు ఉన్నాయి. సినిమా వాణిజ్యపరంగా వాడితే రాయల్టీ సంగతి 38ఎలో ఉంది. ఇంకో చిక్కు కూడా ఉంది. సినిమాలో యాదృచ్ఛికంగా కనిపించి, క్రెడిట్లలో పేరు రాని వ్యక్తిని చట్టం చాలా విషయాల్లో ప్రదర్శకుడిగా చూడదు. అందుకే క్రెడిట్ అనేది మర్యాదకు సంబంధించిన విషయంగా వదిలేయకూడదని నేను దర్శకులకు గట్టిగా చెప్తాను.

తండ్రి, కొడుకు, బృందంలోని ప్రతి ఒక్కరి పేరూ ‘డప్పు’ అనే శీర్షిక కింద వేశాం. రోజు కూలి లెక్కన ముందే ఇచ్చిన డబ్బుకు అదనంగా, సినిమా ఎక్కడ అమ్ముడైనా వాటా వచ్చేలా తెలుగులో ఒప్పందం రాయించి, చదివి వినిపించి సంతకాలు తీసుకున్నాం. డప్పు శబ్దాన్ని ఈ సినిమాకు తప్ప మరే ప్రకటనకూ, రీల్‌కూ, వేరే సినిమాకూ ఇవ్వకూడదని రాశాం. చావు దరువును ట్రైలర్‌లో వాడకూడదని తండ్రి అడిగాడు, అదీ చేరింది.

నేర్చుకున్నవి, తేలనివి

ఈ పని తర్వాత నా పద్ధతిలో వచ్చిన మార్పు ఒకటుంది. సంగీతం ఉన్న రషెస్ లాగ్ చేసేటప్పుడు సంగీతం ఎక్కడ ఆగిందో గుర్తు పెట్టి, అక్కడి నుంచి కెమెరా ఆగేవరకు ఉన్నదాన్ని వేరే క్లిప్‌గా రాయమని అసిస్టెంట్లకు చెప్తున్నాను. కెమెరామన్‌లకు కూడా దరువు, పాట ముగిశాక ఆపొద్దని ముందే చెప్పమంటున్నాను. అయితే దీనితో పాటు మైకు సంగతి కూడా చెప్పాలి. సంగీతం ఆగాక మైకు ఆన్‌లో ఉంటే ఉందని ఆ మనిషికి చెప్పి తీరాలి. రెండూ కలిపి పాటించకపోతే ఈ పద్ధతి దొంగచాటు రికార్డింగ్ అయిపోతుంది.

ప్రతిపాదనలో రాసిన మాటకు కట్టుబడి తీయడం వల్ల ఎంత నష్టమో కూడా ఇక్కడ చూశాం. కథ ముందే తేలిపోతే కెమెరా ముందున్న మనిషి ఏం చెప్పినా ఆ కథలోనే ఇరుకుతుంది. కొత్త దర్శకులు ప్రతిపాదనలో జవాబు రాయకుండా ప్రశ్న రాస్తే, డబ్బులిచ్చేవాళ్లు కాస్త నసిగినా, తర్వాత మార్చుకోవడానికి చోటు మిగులుతుంది.

సినిమా పూర్తయ్యాక మొదటి ప్రదర్శన ఊళ్లో వాళ్ల కాలనీలోనే వేశాం. ఇది కుటుంబం కోరిక. ఆ తర్వాత ఊరి పెద్దలు కొందరు బడి దగ్గర కూడా వేయమని అడిగారు. కొడుకు వేయాలన్నాడు. అందరికంటే ముందు చూడాల్సింది వాళ్లే అని అతని వాదన. తండ్రి వద్దన్నాడు. దర్శకురాలు నన్ను అడిగితే, రేపు ఆ వీధిలో నడవాల్సిన మనిషి మాటే చెల్లాలని చెప్పాను. ఇప్పటికి అక్కడ వేయలేదు. తండ్రీకొడుకులు దీని గురించి ఇంకా మాట్లాడుకుంటున్నారు. వాళ్లు ఒక మాట మీదికి వస్తే వేయడానికి కాపీ దర్శకురాలి దగ్గర సిద్ధంగా ఉంది.